లైటు లేని చోట కెమెరా ఉండదు

“ఓ సుమనా, ఫోను నిలువుగ పట్టినవేంది బిడ్డా? మీ చిన్నాయన తాటిచెట్టు లెక్క కనవడుతుండా? అడ్డం తిప్పు. పెండ్లి పందిరి అడ్డమే ఉంటది, బువ్వకు కూసున్న బంతి అడ్డమే ఉంటది, ఆఖరికి తాగి పడ్డోడు గూడ అడ్డమే పంటడు. నిలువుగ తీసేది ఒక్క ఆధార్ కార్డు ఫోటోనే.”

సుమన మా అన్న కూతురు. నల్లగొండలో ఒక యూట్యూబ్ ఛానల్లో పనిచేస్తుంది. పెళ్ళి వీడియోలు తీసిన దివాకర్ సినిమా కెమెరామ్యాన్ ఎలా అయ్యాడు, కెమెరామ్యాన్ డైరెక్టర్ ఎలా అయ్యాడు అని ఒక వీడియో చేయాలట. దివాకర్ మా అక్క ఉప్పలమ్మ కొడుకు, నా మేనల్లుడు. వాడు రెండో సినిమా పనిలో ఉండి ఫోనెత్తడం లేదని నా దగ్గరికి వచ్చింది.

ఫోను ఆపితేనే ఉన్నది ఉన్నట్టు చెప్తానన్నాను. ఇంట్లో కరెంటు కూడా లేదు, బల్బు వెలగకపోతే నీ ఫోనులో ఏం పడుతుంది, బ్యాటరీ దండగ అని చెప్పాను. పిల్ల బుద్ధిగా తలూపింది. ఫోనును సంచి పక్కజేబులో దోపి, ఆ సంచిని నా ఎదురుగా స్టూలు మీద పెట్టింది. లోపల మా ఇంటామె గోపమ్మ ఫ్యాను తిరగడం లేదని ఒకసారి, ఇంట్లో కూర్చోవడానికి కొత్త అంగీ ఎందుకని ఇంకోసారి గొణిగింది. నేను వినిపించుకోలేదు. మంచాన్ని తలుపు దగ్గరికి గుంజుకొని కూర్చొని చెప్పడం మొదలుపెట్టాను.

దివాకర్ రామన్నపేటలో ఫోటో స్టూడియో పెట్టిన రోజుల్లో నేను బోరు మోటార్లు బాగుచేసేవాణ్ణి. చదివింది ఐదో తరగతి. అక్షరాలు ఒక్కొక్కటి కూడబలుక్కుంటే చదవగలను, కానీ కరెంటు వైరంటే భయం లేదు. అందుకని వాడు నన్ను లైటుమ్యాన్‌గా పెట్టుకున్నాడు. చేతిలో హ్యాలోజన్ లైటు, భుజం మీద చుట్టలు చుట్టిన నల్ల వైరు, కెమెరామ్యాన్ ఎడమ భుజాన్ని ఆనుకొని నడక, అదీ ఉద్యోగం. కెమెరా ఎటు తిరిగితే లైటు అటు తిరగాలి.

అది లోకం పద్ధతి. మా దగ్గర నేను లైటు ఎటు తిప్పితే దివాకర్ కెమెరా అటు తిరిగేది. మూడోసారి మటన్ వేయించుకుంటున్న పెళ్ళికొడుకు మేనత్త మీద వేసేవాణ్ణి. మంత్రం మధ్యలో కునుకుతీసే అయ్యగారి మీద వేసేవాణ్ణి. కట్నాలు చదివించే చోట వంద నోటును పైకి కనబడేలా మడతపెట్టి లోపలంతా పది రూపాయల నోట్లే పెట్టే పెద్దమనిషి చేతుల మీద వేసేవాణ్ణి. పెళ్ళివాళ్ళు ఆ సీడీలు చూసి పడిపడి నవ్వి, ఇంట్లో ఇంకో పెళ్ళయితే మళ్ళీ మమ్మల్నే పిలిచేవాళ్ళు. మరి ఆ రోజుల్లో డైరెక్టర్ ఎవరు, ముందు అది రాసుకో అని సుమనతో అన్నాను. రాసుకున్నట్టు నటించింది.

ఎనిమిదేళ్ళు లైటు పట్టి నేను నేర్చుకున్నవి రెండు. లైటు లేని చోట కెమెరా ఉండదు. లైటు వెనక ఉన్నవాణ్ణి ఎవరూ చూడలేరు. ఎదుటివాళ్ళకు కళ్ళు బైర్లు కమ్ముతాయి. ఇవతల నువ్వు మూతి వంకర్లు తిప్పినా, నాలుక బయటపెట్టినా అడిగేవాడుండడు. నాలాంటి కోతికి ఇంతకంటే మంచి కొలువు దొరకదు. అన్ని ఊళ్ళు తిరిగాను, అన్ని పెళ్ళిళ్ళు చూశాను, ఒక్క సీడీలో కూడా నేను లేను.

తెలంగాణ వచ్చిన ఏడాది హాలియా దగ్గర ఒక పెళ్ళి. తెల్లవారి అప్పగింతల వేళకు జనరేటర్ ఆగిపోయింది. లైటు పోయిందంటే కెమెరా పోయినట్టే కదా, నేను నేరుగా ఉప్మా దగ్గరికి నడిచాను. దివాకర్ రాలేదు. పెళ్ళికూతురి తండ్రి ఎవరికీ కనబడకుండా వెళ్ళి కాలువ గట్టున కూర్చున్నాడట. వరిపొలాల మీదుగా వస్తున్న తెల్లటి పొద్దుటి వెలుతురులో వీడు ఆయన్ని తీశాడట. ఆ పెళ్ళికి చుట్టంగా వచ్చిన హైదరాబాద్ సినిమా కెమెరామ్యాన్ ఒకాయన ఆ ముక్క చూసి, వాణ్ణి తన దగ్గర అసిస్టెంటుగా పెట్టుకున్నాడు. నేను ఆ ముక్క చూడలేదు. లైటు లేకుండా తీసినదాంట్లో నలుపు తప్ప ఏముంటుందిలే అనుకున్నాను.

వాడు మొదట రెండేళ్ళు లెన్సులు తుడిచాడు. తర్వాత ఫోకస్ పట్టాడు. ఆ తర్వాత నాలుగు సినిమాలకు తానే కెమెరామ్యాన్. ఎండతో, కిటికీ వెలుతురుతో, వంటింటి పొయ్యి మంటతో తీస్తాడని పేరు వచ్చింది. ఊరికి వచ్చినప్పుడల్లా నేను వదిలేవాణ్ణి కాదు.

“ఏం రా అల్లుడా, లైట్లోల్ల కడుపు గొట్టుడు నేర్చినవంట. రేపు పెంక లేకుంట రొట్టె గూడ జేస్తవా?”

వాడు నవ్వి ఊరుకునేవాడు. నవ్వి ఊరుకునేవాళ్ళతో జాగ్రత్తగా ఉండాలని నాకు అప్పటికి తెలియదు.

ఈ మధ్యలోనే మా బిడ్డ స్వరూప పెళ్ళయింది. వీడియో తీయడానికి దివాకర్ హైదరాబాద్ నుంచి పనిగట్టుకొని వచ్చాడు. కన్యాదానం దాకా నేను పీటల మీద బుద్ధిగా కూర్చున్నాను. అప్పగింతలప్పుడు మాత్రం కిరాయి లైటుమ్యాన్ చేతిలోంచి లైటు లాక్కున్నాను. నా బిడ్డ మొహం మీద వెలుతురు ఎట్లా పడాలో వాడికేం తెలుసు. స్వరూప వాళ్ళమ్మ మెడ పట్టుకొని ఏడ్చింది, మేనత్త మెడ పట్టుకొని ఏడ్చింది, చివరికి నా వైపు నడిచి వచ్చింది. నేను లైటును సూటిగా దాని కళ్ళలోకి కొట్టాను. అది కళ్ళు గట్టిగా మూసుకొని, “బాపూ” అని నవ్వేసింది. ఆ నవ్వుతోనే కారెక్కి ఆలేరు పోయింది.

వీడియోలో ఆ చోట దాని మొహం మీద వెలుతురు గడగడా వణుకుతుంది. ఏమిటిది అని చూసినవాళ్ళందరూ అడిగారు. వోల్టేజి అన్నాను. మోటార్ మెకానిక్ వోల్టేజి అంటే కాదనేదెవరు? గోపమ్మ ఒక్కతే నా మొహంలోకి ఒకసారి చూసి, గిన్నెలు తోముకోవడానికి వెళ్ళిపోయింది.

ఆరేళ్ళు గడిచాయి. ఒకరోజు దివాకర్ వచ్చి, తాను డైరెక్షన్ చేస్తున్నానని చెప్పాడు. డబ్బు పెట్టేది డానియల్, వాడితో ఇంటర్ చదివినవాడు, హాలియాలో బియ్యం మిల్లు నడుపుతాడు. మా ఊళ్ళోనే ఇరవై అయిదు రోజుల్లో తీయాలి. బాగా రాకపోతే డైరెక్షన్ అనే మాట మరిచిపోయి మళ్ళీ ఇంకొకరి సినిమాలకు కెమెరా పట్టుకోవాలి. డానియల్ ఆ మాట స్నేహంగానే అన్నాడు, కానీ అన్నాడు. కథేమిటని అడిగితే, పెళ్ళిళ్ళలో లైటు పట్టే ఒక ముసలాయన గురించి అని చెప్పాడు. నేను పకపకా నవ్వాను. పెళ్ళికొడుకును వదిలేసి లైటు పట్టేవాణ్ణి ఎవడు చూస్తాడు?

వాడు అడిగింది ఒక్కటే. సతీశ్ అని పట్నం నుంచి ఒక నటుడు వస్తున్నాడు, అతనికి లైటు పట్టడం నేర్పాలి. ప్రతిదీ ముందు నేను చేసి చూపించాలి. అతను చూసి నేర్చుకున్నాక షూటింగు చేస్తారు. అల్లుడి కోసం సరేనన్నాను. డానియల్ నాలుగు కాగితాల మీద నా సంతకాలు కూడా తీసుకున్నాడు. వాటిని నేను చదవాలంటే దీపావళి దాకా పడుతుంది, అందుకని చదవకుండానే పెట్టేశాను.

సతీశ్‌కు ముప్పై ఏళ్ళుంటాయేమో. నన్ను గురువా అని పిలిచాడు. నన్ను గురువా అన్నవాణ్ణి నేను ఊరికే వదులుతానా? లైటు ముట్టుకునే ముందు వైరుకు దండం పెట్టి అనుమతి అడగాలని చెప్పాను, అడిగాడు. ఇరవై గజాల వైరు మెడకు చుట్టుకొని ఊరంతా మూడు చుట్లు తిరిగితే భుజం గట్టిపడుతుందని చెప్పాను, తిరిగాడు. చేయి వణకకుండా ఉండాలంటే నిండు బిందె పట్టుకొని గంటసేపు ఒంటికాలి మీద నిలబడాలన్నాను, నిలబడ్డాడు. బరాత్ ముందు ఏడు పచ్చిమిరపకాయలు నమిలితే లైటు వేడికి కళ్ళు ఓర్చుకుంటాయని చెప్తే, అయిదు నమిలి, కన్నీళ్ళు కారుతుండగా మిగతా రెండూ రేపు తింటానని బతిమాలాడు. ఊరు ఊరంతా కడుపు పట్టుకొని నవ్వింది. వీడిని చూసి నవ్వుతున్నారని నాకు మహా సంబరం.

నేను చేసి చూపిస్తున్నంతసేపూ దివాకర్ చిన్న కెమెరా ఒకటి భుజాన పెట్టుకొని నా చుట్టూ తిరిగేవాడు. మొదటిరోజు అనుమానం వచ్చి, తీస్తున్నావా అని అడిగాను.

“ఏడ తీస్తున్న మామా, లైట్లే పెట్టకపోతిమి. జాగా జూసుకుంటున్న.”

అదీ నిజమే. నేను చూపించడం అయిపోయాక సతీశ్‌కు తెల్లగడ్డం అంటించేవాళ్ళు. పెద్ద లైటు ఒకటి వెలిగించేవాళ్ళు. క్లాప్ కొట్టి, యాక్షన్ అని గట్టిగా అరిచేవాళ్ళు. షూటింగంటే అది. ఎనిమిదేళ్ళు లైటు పట్టినవాణ్ణి, ఆమాత్రం నాకు తెలియదా?

రోజులు గడిచేకొద్దీ మాత్రం దిగులు పట్టుకుంది. గడ్డం అంటించగానే ఆ సతీశ్ కట్టెలా బిగుసుకుపోయేవాడు. లైటును గొడుగు పట్టినట్టు పట్టేవాడు. ఇరవయ్యో రోజుకు నేను వేషాలు మానేసి, చేతులు పట్టుకొని నిజంగానే నేర్పడం మొదలుపెట్టాను. బొటనవేలు ఎక్కడ ఉండాలి, వేడి ఎక్కువైతే లైటును ఏ చేతిలోంచి ఏ చేతిలోకి మార్చాలి, పెళ్ళికూతురు ఏడుస్తుంటే ఎన్ని అడుగులు వెనక్కి జరగాలి, అన్నీ చెప్పాను. అతను అన్నీ వినేవాడు. గడ్డం పెట్టగానే అన్నీ మరిచిపోయేవాడు. మా అక్క కొడుకు బతుకు ఈ అంటించిన గడ్డం చేతిలో పడిందే అని బాధపడ్డాను.

చివరి రోజు పొద్దున్నే దివాకర్ వచ్చి అరుగు మీద నా పక్కన కూర్చున్నాడు. ఎప్పటిలా నవ్వలేదు.

“అప్పగింతల సీను ఒక్కటే మిగిలింది మామా. గిది రాకపోతే సినిమా లేదు. నేను మళ్ల కెమెరా మోసుకుంట పోవుడే.”

నేను మోసగాళ్ళలో మోసగాణ్ణి, అబద్ధం ఎక్కడున్నా వాసన పడతాను. ఆ మాటలో అబద్ధం లేదు. ఏం చేయాలో చెప్పరా అన్నాను. వోల్టేజి తగ్గినప్పుడు లైటు ఎట్లా వణుకుతుందో సతీశ్‌కు చూపిస్తే చాలన్నాడు. పెళ్ళికూతురి వేషం వేసే అమ్మాయికి జ్వరమట, అందుకని ఆలేరు నుంచి వచ్చి ఉన్న స్వరూపను కాసేపు నిలబెడతానన్నాడు. దాని పెళ్ళిచీరే కట్టించారు.

మా వాకిట్లోకి ఇంకా ఎండ దిగలేదు. గోడ మీద మాత్రం పచ్చగా పడుతోంది. నా చేతిలో ఉన్నది చచ్చిన లైటు, దానికి వైరు కూడా తగిలించలేదు. సతీశ్ గోడకు ఆనుకొని చూస్తున్నాడు. స్వరూప వచ్చి నా ఎదుట నిలబడింది. నేను లైటు పైకెత్తి, ఇట్లా వణకాలి చూడు అని సతీశ్‌కు చెప్పబోతున్నాను.

“బాపూ, లైటు జర దించు” అంది స్వరూప.

దించాను.

“నా పెండ్లి నాడు గది నిజంగ వోల్టేజేనా?”

నా నోట్లో ఎప్పుడూ రెండు జోకులు సిద్ధంగా ఉంటాయి. ట్రాన్స్‌ఫార్మర్ మీద ఒకటి ఉంది, వాళ్ళ అత్త మీద ఒకటి ఉంది. రెండూ బయటికి రాలేదు. వెలిగే లైటు అయితే దాని వెనక దాక్కునేవాణ్ణి. చచ్చిన లైటు వెనక ఎట్లా దాక్కోను? చేయి దానంతటదే వణికింది. చేతిలో లైటు గడగడలాడింది. వైరు లేదు, కరెంటు లేదు, వోల్టేజి అనడానికి వీల్లేదు.

“కాదు బిడ్డా” అన్నాను.

అది ఒక అడుగు ముందుకు వేసింది. లైటు నా చేతిలోంచి తీసుకొని నేల మీద పెట్టింది. ఆరేళ్ళ కిందట పట్టుకోవలసిన మెడను అప్పుడు పట్టుకుంది.

 నేను తువాలతో మొహం తుడుచుకొని చూస్తే దివాకర్ గోడ పక్కన కెమెరా కంటికి ఆనించుకొని కదలకుండా నిలబడి ఉన్నాడు. సతీశ్ నేర్చుకున్నాడా అని అడిగాను. వాడు తలూపాడు. తర్వాత గడ్డం అంటించారు, పెద్ద లైటు వెలిగించారు, క్లాప్ కొట్టారు. సతీశ్ ఊరంతా వినబడేలా వెక్కి వెక్కి ఏడ్చాడు. అల్లుడి సినిమా మునిగిందనుకున్నాను. రెండు రోజులు నాకు అన్నం సయించలేదు.

మరుసటి ఏడాది సినిమా విడుదలైంది. నల్లగొండలో పొద్దుటి ఆటకు మా ఊరివాళ్ళం రెండు డీసీఎం బండ్లలో వెళ్ళాం. నన్ను గోపమ్మకూ స్వరూపకూ మధ్య కూర్చోబెట్టారు. తెర మీద పేర్లు పడుతుంటే నేను మొదటి అక్షరం కూడబలుక్కుంటున్నాను. సరిగ్గా అప్పుడే గోపమ్మ గారెల డబ్బా నా ఒళ్ళో పెట్టి, మూత రావడం లేదు తియ్యమంది. తీసేసరికి పేర్లు అయిపోయాయి. తెర మీద ఎవడో ఒకడు భుజాన వైరు వేసుకొని, వీపు ఇటు పెట్టి నడిచిపోతున్నాడు.

“గీడెవడే, నా లెక్కనే వంకర నడుస్తుండు?” అని గోపమ్మను అడిగాను.

“జూడు, తెలుస్తది” అంది.

వాడు వెనక్కి తిరిగాడు. వాడు నేనే.

మా ఊరివాళ్ళు రెండు వరుసల వాళ్ళూ తెరను వదిలేసి నన్నే చూస్తున్నారు. తెర మీద నేను వైరుకు దండం పెట్టిస్తున్నాను, బిందె పట్టిస్తున్నాను, మిరపకాయలు తినిపిస్తున్నాను. సతీశ్‌కు గడ్డం లేదు, గిడ్డం లేదు. వాడు ఆ ముసలాయన దగ్గర పని నేర్చుకోవడానికి వచ్చిన శిష్యుడు. వాడి వేషమే అది. ముసలాయన వేషం మొదటి రోజు నుంచీ నాదే. గడ్డం, పెద్ద లైటు, క్లాప్, అన్నీ నా ఒక్కడి కోసం ఆడిన నాటకం. ఆ క్లాప్ కొట్టినప్పుడు కెమెరాయే నడవలేదట. హాలంతా నవ్వుతుంటే ముందు వరుసలోంచి సతీశ్ వెనక్కి తిరిగి, జేబులోంచి రెండు పచ్చిమిరపకాయలు తీసి నా చేతిలో పెట్టాడు.

“బాకీ ఉంటిని గద. మీరే తినుండ్రి గురువా, కండ్లకు మంచిది.”

చివరికి మా వాకిలి వచ్చింది. స్వరూప లైటు దించమంది.  నా మొహం అంత పెద్దదిగా, దాని మీద గోడ నుంచి కొట్టిన పచ్చటి వెలుతురు తప్ప ఇంకేమీ లేకుండా కనబడింది. హాలియా కాలువ గట్టున వాడు తీసింది నలుపు కాదని అప్పుడు తెలిసింది. నాకు ముఖపరిచయం కూడా లేని ఒకావిడ ముందు వరుసలో కొంగుతో కళ్ళు తుడుచుకుంటోంది. అలవాటుగా నా చేయి లైటు కోసం వెతికింది. స్వరూప చేయి దొరికింది.

ఆట వదిలాక దివాకర్ గుమ్మం దగ్గర చేతులు కట్టుకొని, బడిలో పంతులు ముందు నిలబడ్డట్టు నిలబడ్డాడు. ఇరవై అయిదు రోజులు ఊరంతా కలిసి నన్ను ఎట్లా ముంచార్రా అని అడిగాను.

“నువ్వే చెప్తివి గద మామా, లైటు లేనికాడ కెమెరా ఉండదని. నేను గదొక్కటే నమ్ముకున్న.”

సినిమా నల్లగొండలో ఏడు వారాలు ఆడింది. డానియల్ రెండో సినిమా కూడా దివాకర్‌తోనే తీస్తున్నాడు. రామన్నపేట బస్టాండులో జనం నన్ను పట్టుకొని ఫోటోలు దిగుతున్నారు. వేరే సినిమావాళ్ళు ఇద్దరు పిలిస్తే వెళ్ళాను కూడా. లైటు వేసి యాక్షన్ అనగానే ఆధార్ కార్డు ఫోటోలో మాదిరి బిగుసుకుపోయాను. చాయ్ తాగించి పంపించేశారు. కెమెరా ఉందని తెలిస్తే నా నోట మాట రాదు, అదీ నా నటన అని సుమనకు చెప్పి ముగించాను.

సుమన మొహం వెలిగిపోయింది. ఎంత మంచిగా చెప్పావు చిన్నాయనా అని, పెరుగుకుండ ఎత్తినట్టు మెల్లగా సంచి ఎత్తుకొని లేచింది. గడప దాటబోతుండగా పిలిచాను. కొత్త అంగీ జేబులోంచి ఫ్యూజు తీసి అరచేతిలో చూపించాను. లోపల గోపమ్మ ఇంకా కరెంటువాళ్ళను తిడుతూనే ఉంది.

“కరెంటు పోలే బిడ్డా, నేనే పీకిన. తలుపుకాడ ఎలుతురు మంచిగుంటదని మంచం గుంజుకున్న. అల్లుడు రెండో సినిమాల గూడ నాకు వేషం ఇచ్చిండు, ఎల్లుండి నుంచి షూటింగు. కెమెరా ఉన్నదని తెలిసి గూడ నాకు మాట వస్తదో లేదో జూసుకుందామని, పొద్దటి సంది నీ కోసమే ఎదురుచూస్తున్న.”

పిల్ల నోరు తెరిచి సంచి వైపు చూసింది.

“ఇంతకు గా సంచిల ఫోను అడ్డం పెట్టినవా, నిలువు పెట్టినవా?” అని అడిగాను.

తీసి చూసుకుంది. నిలువుగానే ఉంది.